తూకానికి ముందు వరస

మా నాన్న సీజన్ నాన్న. చింతపండు దులిపే రోజుల్లో వచ్చేవాడు, ఇప్పపువ్వు రాలినన్నాళ్ళు ఉండేవాడు, తునికాకు కట్టలు లారీకి ఎత్తేసి తొలకరి చినుకు పడగానే కల్లూరు దిక్కు వెళ్ళిపోయేవాడు. అక్కడ ఆయనకు భార్య ఉంది, పిల్లలున్నారు, పెంకుటిల్లు పడగొట్టి కట్టిన డాబా ఉంది. వానాకాలం, చలికాలం వాళ్ళవి. ఎండాకాలం మాది. చిన్నప్పుడు నాన్నలు కూడా అడవిలో కాస్తారనే అనుకునేదాన్ని. మా చుట్టుపక్కల ఊళ్ళలో నాలాంటి పిల్లలు ఇంకా ఉండేవాళ్ళు గనుక అందులో వింతేమీ కనపడలేదు.

మా ఊరు మణుగూరు బొగ్గుబాయి కాలనీలు దాటి అడవిలోకి వెళ్ళాక వస్తుంది. మా అమ్మ ఆ ఊరి కోయ ఆడపడుచు. నాన్న మైదానం నుంచి వచ్చిన షావుకారు. అడవి ఊళ్ళలో భూమి గానీ ఇల్లు గానీ గిరిజనుల పేరు మీదే ఉండాలని చట్టం. కాబట్టి మైదానం షావుకారు ఇక్కడ నిలదొక్కుకోవాలంటే ముందు ఒక కోయింటి పిల్ల కావాలి. ఇంటికి ఆమె పేరు, చేనుకు ఆమె పేరు, సరుక్కు ఆమె చుట్టాలు. చట్టం చేసినవాళ్ళు మంచి మనసుతోనే చేసి ఉంటారు, కానీ మా దిక్కు పెళ్ళిళ్ళ పేరయ్యల కంటే ఆ చట్టమే ఎక్కువ పెళ్ళిళ్ళు చేసింది. మా నాన్న కంటే ముందు తరం షావుకార్లు తోళ్ళు కూడా కొనేవారట. నా కాలానికి తోలు ముట్టుకుంటే జైలు. పెళ్ళాన్ని తెచ్చుకునే పద్ధతి మాత్రం అదే.

వ్యాపారం నాన్నదని అందరూ అనేవాళ్ళు. నడిపింది మా అమ్మ. ఆమె తూకానికి ముందు వరస వేసేది. ఎవరో ముసలాయన గంపెడు చింతపండుతో వాకిట్లోకి వస్తే ఆమె కాంటా దగ్గరికి పోయేది కాదు. నీళ్ళిచ్చి, ఏ ఊరు, ఎవరి ఇల్లు, ఏ గట్టు అని అడిగేది. అడుగుతూ అడుగుతూ ఎక్కడో ఒక చోట చుట్టరికం పట్టుకునేది. "మా చిన్నవ్వ కొడుక్కు నువ్వు బామ్మర్దివా? అయితే నాకు తమ్మునివే గద, ముందు జెప్పవైతివి!" అనేది. ఆయనకు జావ పోసేది. జావ తాగినవాడు ఇంక ఇంకో షావుకారు దగ్గరికి పోడు. నాన్న నులకమంచం మీద పడుకుని చుట్ట కాలుస్తూ, "మీ అమ్మ నోట్లోనే కాంటా ఉందే," అని నాతో అనేవాడు.

వరస వేస్తే సరుకు వస్తుందని ఆయనకు తెలుసు. వరస వేస్తే ఇవ్వాల్సింది కూడా ఉంటుందని ఆయనకు ఎన్నడూ ఎక్కలేదు. తమ్ముడు అన్నాక తమ్ముడి పెళ్ళాం పురుడుకు ఉప్పూ పప్పూ పంపాలి, తమ్ముడి తండ్రి పోతే బట్ట పట్టుకుని పోవాలి. అమ్మ ఇవన్నీ చేసేది. నాన్న ప్రతిసారీ గొణిగేవాడు. ఇంటి అల్లుడయ్యుండి ఒక్క చావుకూ పోలేదు మహానుభావుడు.

గట్టు అన్నాను, అదేమిటో చెప్పాలి. కోయల్లో ఇళ్ళన్నీ కొన్ని గట్లుగా ఉంటాయి. ఒకే గట్టు వాళ్ళు అన్నదమ్ములూ అక్కచెల్లెళ్ళూ, వాళ్ళ మధ్య పెళ్ళి కుదరదు. గట్టు తండ్రి నుంచి వస్తుంది. మా నాన్నకు గట్టు లేదు, కాబట్టి నాకూ లేదు. అమ్మకు సొంత అన్న ఉన్నాడు, మా ఊరికి పెద్ద. ఆయన కొడుకులు నాతో కలిసి పెరిగారు, వాళ్ళలో ఒకరికి నన్ను ఇవ్వడం మామూలుగా అయితే మొదటి మాట. ఆ మాట ఆ ఇంట్లో ఎవరూ ఎత్తలేదు. ఒకసారి మా అత్త, నేను వింటున్నానని తెలిసే, "పిల్ల మంచిదే. కని దాన్ని ఏ గుంజకని కట్టాలె?" అంది. అప్పుడు నేను వాళ్ళ చిక్కుళ్ళే ఒలుస్తున్నాను. కోపంతో సగం గింజలు పొట్టులోకి విసిరేశాను.

నేను భద్రాచలం హాస్టల్లో ఇంటర్ చదివి, ఆ పైన చదవడానికి నాన్న ఒప్పుకోక, ఇంటికొచ్చి అమ్మతో పాటు కాంటా దగ్గర కూర్చుంటున్న రోజులవి. ఇరవై దాటాయి నాకు. ఆ ఏడు నాన్న కాళ్ళు వాచి వచ్చాడు. షుగరట. కల్లూరు కొడుకు అడవిలో వ్యాపారం వద్దని ఎరువుల కొట్టు పెట్టుకున్నాడట. ఇవన్నీ చెబుతూ జీపు దిగాడు. ఆయనతో పాటు ఇంకొక మనిషి దిగాడు. ఏన్కూరు దిక్కువాడు, ముప్పై ఏళ్ళుంటాయి, ఇంకా పెళ్ళి కాలేదు. తెల్ల ప్యాంటు వేసుకుని అడవిలోకి వచ్చాడంటేనే నాకు నవ్వొచ్చింది.

నాన్న ఆయన్ని వెంటబెట్టుకుని ఇల్లంతా చూపించాడు. ఇది కాంటా, ఇది గోదాం, ఇక్కడ చింతపండు గింజ తీయిస్తాం, వాన పడితే ఈ మూల కారుతుంది జాగ్రత్త అన్నాడు. అలా తిరుగుతూ పొయ్యి దగ్గరికి వచ్చారు. అమ్మ గంజి వారుస్తోంది. "ఈమే. అన్నీ ఈమెకు తెలుసు. ఈమె ఉంటే నీకు ఏ లోటూ రాదు," అన్నాడు నాన్న. ఆ మనిషి అమ్మను కిందికీ మీదికీ చూసి తలూపాడు. వంట సంగతి చెబుతున్నాడని అమ్మ అనుకుంది. నేనూ అదే అనుకున్నాను.

అన్నాల దగ్గర తెలిసింది. "నేనింక రాను. కాళ్ళు పనిచెయ్యటం లేదు. ఇక నుంచి ఈయన ఉంటాడు," అన్నాడు నాన్న.

"ఉంటడంటే? ఏడుంటడు?" అంది అమ్మ.

"నేనున్న చోటే."

"నువ్వున్న చోటంటే?"

నాన్న పెరుగు కలుపుకున్నాడు. కొత్తాయన ఇస్తరాకు వైపు చూస్తూ కూర్చున్నాడు. అప్పుడు నాకు అర్థమైంది. బండి అమ్మినవాడు ఎడ్లను కూడా ఇచ్చేసినట్టు, మా నాన్న ఇంటితో పాటు మా అమ్మను కూడా అప్పజెబుతున్నాడు. నేను గట్టిగా అరిచాను. ఏం అరిచానో మర్యాదగా రాయలేను.

"నీకెందుకే పెద్దోళ్ళ మాటలు? మీ అమ్మకేమన్నా తక్కువ చేశానా? రోడ్డున పడెయ్యకుండా ఒక దారి చూపిస్తన్నా," అన్నాడు.

ఆయన ఆ మాట మనస్ఫూర్తిగానే అన్నాడు. అదే నన్ను ఇప్పటికీ మండిస్తుంది. మా దిక్కు షావుకార్లలో అది మర్యాద కింద లెక్క. పక్క ఊళ్ళో ఒక ఆడమనిషి అప్పటికే మూడో షావుకారుకు వండిపెడుతోంది. జనం ఆమెను పేరుతో కాక కొట్టు పేరుతో పిలిచేవాళ్ళు. ఉత్తగా వదిలేసి పోయేవాళ్ళతో పోల్చుకుంటే మా నాన్న తన కళ్ళకు తాను దేవుడే.

అమ్మ ఏడవలేదు. మర్నాడు పొద్దున్నే వాళ్ళన్న ఇంటికి పోయి మధ్యాహ్నం దాకా కూర్చుని వచ్చింది. వచ్చినప్పటి నుంచి కొత్తాయన్ను బాగా చూసుకోవడం మొదలుపెట్టింది. గోదాంలో మంచం వేయించింది, వేణ్ణీళ్ళు పెట్టింది. నాకు ఒళ్ళు మండిపోయింది. "నీకు సిగ్గులేదా?" అన్నాను. "మామిడి కొత్తలు రానీ," అంది.

మా ఊళ్ళో మామిడి కొత్తల పండుగ కాకుండా ఎవరూ ఆ ఏటి కాయ కొయ్యరు, నోట్లో పెట్టరు. పూజారి కోసి భూమికి పెట్టాకే జనం తినాలి. మా నాన్న ఏటా కల్లూరు నుంచి ముందే కాయలు తెచ్చుకుని, వాళ్ళ ఎదుటే ఉప్పూ కారం అద్దుకుని కరకర నమిలేవాడు, వాళ్ళు చూసీ చూడనట్టు తల తిప్పుకునేవాళ్ళు. ఆ పండుగనాడు అక్క తన తమ్ముడికి కొత్త మామిడికాయ కలిపిన అన్నం మొదటి ముద్ద తన చేత్తో తినిపిస్తుంది. తోడబుట్టిన తమ్ముడు లేకపోతే ఇంకొకరికి తినిపించి తమ్ముణ్ణి చేసుకోవచ్చు. ఊరి ముందు తిన్న ముద్దకు తిరుగులేదు.

పండుగకు మా మామ కొత్త షావుకారును కబురు పెట్టి పిలిపించాడు. నాన్న కూడా కుంటుకుంటూ వచ్చాడు. డోళ్ళు మోగుతున్నాయి. పూజారి కాయ కోశాడు. ఆడవాళ్ళు దొప్పల్లో అన్నం కలుపుతున్నారు. మా అమ్మ దొప్ప పట్టుకుని లేచి, అందరి మధ్య నుంచి నడిచి వెళ్ళి, కొత్త షావుకారు నోట్లో ముద్ద పెట్టింది. ముందు కోయ మాటలో, తర్వాత ఆయనకు అర్థమయ్యేలా తెలుగులో చెప్పింది. "ఇయ్యాల్టి సంది నువ్వు నాకు తమ్మునివి. నేను నీకు అక్కను."

ఊరంతా కేక వేసింది. ఆయన ముందు బిత్తరపోయాడు, తర్వాత నవ్వి నమిలి మింగాడు. మా నాన్న ముఖం చూడాలి అప్పుడు! తమ్ముడు మొగుడెలా అవుతాడు? ఇల్లు నడుస్తుంది, వ్యాపారం నడుస్తుంది, మంచం మాత్రం వేరు. ఇంటికి వచ్చే దారిలో అమ్మ ఆగి ఆగి నవ్వింది. ఆమె అంతలా నవ్వడం నేనెప్పుడూ చూడలేదు. నాకు గర్వంతో ఛాతీ పొంగింది. ఆమె చేతిని పట్టుకుని ఊపుకుంటూ నడిచాను.

నాన్న కల్లూరు పోయాడు. కొత్తాయన గోదాంలో ఉండి బుద్ధిగా పని నేర్చుకున్నాడు. "అక్కా" అనకుండా మాట మొదలుపెట్టేవాడు కాదు. తమ్ముడి మర్యాదగా అమ్మకు చీర తెచ్చాడు. మా నాన్న తన జన్మలో చెయ్యని పని, ఊళ్ళో ఎవరో పోతే అమ్మ వెంట చావుకు కూడా వచ్చాడు. నన్ను "ఏం కోడలా, తూకం సరిగ్గ జూస్తున్నవా?" అని ఆటపట్టించేవాడు. అమ్మ అది విని మురిసిపోయేది. పుట్టి బుద్ధెరిగాక మా వాకిట్లో ఒక మైదానం మనిషి నన్ను వరస పెట్టి పిలవడం అదే మొదలు.

తునికాకు అయిపోయి, మబ్బులు పట్టే వేళకు ఆయన మా నాన్నను మళ్ళీ పిలిపించాడు. మా మామనూ రమ్మన్నాడు. వాకిట్లో మంచాలు వేయించి, ఒక పళ్ళెంలో తమలపాకులు, పసుపుకొమ్ములు, ఎర్ర చీర తెచ్చి మధ్యలో పెట్టాడు. ఎవరిదో సంబంధం మాట అనుకుని అమ్మ చాయ పెట్టడానికి లేచింది.

"కూసో అక్కా, నీతోనే పని. నువ్వు నాకు అక్కవైనంక నీ బిడ్డ నాకు మేనకోడలైతది గద. మేనమామకు హక్కుంటది. ఇంట్ల పిల్లనుంచుకుని బయటి పిల్ల నాకెందుకు?" అన్నాడు.

మైదానంలో అక్క కూతుర్ని చేసుకోవడం చాలా ఇళ్ళలో మామూలు. అమ్మ వాళ్ళలో అలా లేదు. అక్కడ తమ్ముడి కొడుక్కు అక్క బిడ్డనిస్తారు. తమ్ముడికి ఇవ్వరు, అతను తండ్రి లెక్క. అమ్మకు తన కట్టుబాటు తెలుసు గానీ వాళ్ళది తెలియదు. అంతమందికి వరసలు వేసిన మనిషి, కల్లూరు నుంచి వచ్చినవాడితో అన్ని ఎండాకాలాలు కాపురం చేసిన మనిషి, వాళ్ళ ఇళ్ళలో వరస ఎలా తిరుగుతుందో ఒక్కనాడూ వినలేదు. ఆ ఇళ్ళలోకి ఆమెను రానిస్తే గదా వినడానికి. అందుకే ఆమె అమాయకంగా, "ఎవరికి? నీ కొడుక్కా?" అంది.

"కొడుకు పుట్టేదాక ఆగుదామా అక్కా?" అన్నాడు.

మా నాన్న తొడ చరిచి నవ్వాడు. అమ్మ ఆ నవ్వు ఒకసారి, ఆ పళ్ళెం ఒకసారి చూసి, మా మామ వైపు తిరిగింది.

"అన్నా, నువ్వు జెప్పు. మనల గిట్లుంటదా?" అంది.

మా మామ గడ్డం గోక్కున్నాడు. "అక్క బిడ్డ మీద తమ్ముని ఇంటికి హక్కుంటది. గది మన కట్టే. తమ్ముడే చేసుకునుడు మన కట్టు గాదు, వాళ్ళది. కని ఆ తమ్ముణ్ని దెచ్చుకున్నది నువ్వే గదా? ఊరి ముంగట దెచ్చుకుంటివి," అన్నాడు. తర్వాత గొంతు తగ్గించి, "నీ బిడ్డకు గట్టు లేదు. మనల ఎవడు చేసుకుంటడు? అడిగినోడు ఈయనొక్కడే. కాదంటే ఈయన జీపు దిప్పుకపోతడు. మన సరుకు ఎవరు కొంటరు?" అన్నాడు.

"అయితే వీడు నా తమ్ముడు గాదు. తీసేస్తున్న."

"తిన్న కొత్తను కక్కిస్తవా?" అన్నాడు మామ.

అమ్మ లేచి నిలబడింది. తల మీద కొంగు జారింది, సర్దుకోలేదు. కొత్తాయన ఎదుటికి వెళ్ళి, అందరూ వినేలా అంది. "నా బిడ్డనిడిచిపెట్టు. నేనుంట నీ ఇంట్ల. మొదల ఆయన జెప్పినట్టే ఉంట. వండుత, పక్క పరుస్త, ఏమన్న జేస్త."

ఆయన రెండు చెవులూ మూసుకున్నాడు. "శివ శివా! గదేం మాటక్కా? అక్కను ఎవరన్న చేసుకుంటరా? కండ్లు పోతయ్," అన్నాడు. వేళాకోళంగా అనలేదు, నిజంగా రోషపడ్డాడు. అమ్మ కలిపిన ముద్ద ఆయన కడుపులో అంత గట్టిగా నిలబడింది.

నేను కాంటా పక్కన నిలబడి ఉన్నాను. వద్దన్నాను. గట్టిగానే అన్నాను, తెలుగులో ఒకసారి, కోయ మాటలో ఒకసారి, ఎవరికీ అర్థం కాలేదనే వంక లేకుండా. ఆ మాట నాకొక్కదానికే గుర్తుంది. తర్వాత ఎప్పుడడిగినా, "నువ్వు గప్పుడు ఏమన్నవ్? ఏమనలే గద!" అన్నవాళ్ళే అందరూ.

నాన్న మాత్రం చాలా సంతోషపడ్డాడు. "నేను చెప్పలా, మా ఇంటిది తెలివిగల్లదని! నేను మొగుణ్ణి చూసిపెడితే, అది అల్లుణ్ణే తెచ్చుకుంది," అని అమ్మ వైపు మెచ్చుకోలుగా చూశాడు. ఇన్నేళ్ళ కాపురంలో నలుగురి ముందు ఆయన ఆమెను మెచ్చుకున్నది అప్పుడే.

పారిపోవాల్సింది గదా అని ఇప్పుడు తీరిగ్గా అడిగేవాళ్ళున్నారు. ఎక్కడికి? కల్లూరు డాబాకా? గుంజ లేదన్న అత్త ఇంటికా? నేను పోతే ఆ వాకిట్లో అమ్మ ఒక్కతే మిగులుతుంది, చుట్టూ ఆమె వరసలు వేసిన జనమంతా ఆ జీపు వైపు చూస్తూ ఉంటారు. అడిగేవాళ్ళకు అడగడం సుళువు.

పెళ్ళి భద్రాచలంలో ఒక సత్రంలో అయింది. ఏన్కూరు నుంచి వాళ్ళ అమ్మ రాలేదు, చుట్టాలు రాలేదు, ఇద్దరు స్నేహితులు వచ్చి ఫోటోలు దిగకుండా భోంచేసి పోయారు. మైదానం పెళ్ళిలో పెళ్ళికూతుర్ని గంపలో కూర్చోబెట్టి మేనమామ ఎత్తుకొస్తాడు. పెళ్ళికొడుకే మేనమామ కాబట్టి ఆ పనికి మా సొంత మామను పట్టారు. ఆయన గంప ఎత్తుతూ, "ఏడువకు బిడ్డా, ఇల్లయితే నీదే," అన్నాడు. నేను ఏడవడం లేదు. కోపంతో పళ్ళు గిట్టకరుచుకుని ఉన్నాను.

నా మొగుడూ సీజన్ మొగుడే అయ్యాడు. రెండు ఎండాకాలాలు తిరక్కుండానే ఏన్కూరులో శుభలేఖలు వేసుకుని, బ్యాండు పెట్టుకుని వాళ్ళ కులం పిల్లను చేసుకున్నాడు. ఆ శుభలేఖ మా గోదాంలో చింతపండు బస్తా మీద మరిచిపోయి వెళ్ళాడు. నేను దాన్ని పొయ్యిలో పెట్టి చాయ కాచుకున్నాను. కొట్టు నేను నడిపాను. నా కాంటాలో మోసం లేదని జనం వచ్చేవాళ్ళు. వాళ్ళకు నీళ్ళిచ్చేదాన్ని, తూకం వేసేదాన్ని, పంపేదాన్ని. ఏ ఊరని కూడా అడిగేదాన్ని కాదు.

అమ్మ నులకమంచానికి వచ్చేసింది, నాన్న పడుకునే మంచానికే. వరసలు వెయ్యడం మానేసింది. ఒకసారి ఆమె పాత తమ్ముడొకాయన కరక్కాయల మూట దించి, "అక్కా, నన్ను గుర్తువట్టలే?" అని నవ్వుతూ దగ్గరికి వచ్చాడు. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది. ఆయన కాయలు తూయించుకుని వెళ్ళిపోయాడు. నా మీదకు ఎప్పుడన్నా ఒక మాట విసిరినా పడేదాన్ని. ఒక్క మాట అనలేదు. నేనూ ఆమెను అనలేదు. ఆ ముద్ద సంగతి మా ఇద్దరి మధ్య ఎన్నడూ రాలేదు.

నాకు ఒక ఆడపిల్ల పుట్టింది. ఇంకా బడికి పోని వయసు దానికి, ఒక ఎండాకాలం నా మొగుడు జీపులో ఇంకొక కుర్ర షావుకారును వెంటబెట్టుకుని వచ్చాడు. తెలిసిన నడకే అది. ఇది కాంటా, ఇది గోదాం, ఈ మూల కారుతుంది అని చూపిస్తూ వాకిట్లోకి వచ్చారు. నా బిడ్డ నా కొంగు వెనక దాక్కుని తొంగి చూసింది.

"అమ్మా, ఈయన్ని నేనేమని పిలవాలె?" అంది.

మంచం మీద మా అమ్మ తలెత్తింది. ఎన్నో ఏళ్ళకు ఆమె పెదాలు కదిలాయి, ఏ ఊరు, ఎవరి ఇల్లు అని అడగబోయినట్టు.

"ఏమీ పిల్వకు, లోపటికి రా," అన్నాను నేను.